భూతద్దంలో జపాను జెట్టి

ఈ వ్యాసం రాస్తున్నప్పుడు నా బల్ల మీద రెండు కాగితాలు పరచి వున్నవి. రెండూ ఒకే కొలత. మన దినపత్రిక పేజీ కంటె కొంచెం వెడల్పు. రెండింటి నిండా నల్ల సిరాతో జపాను అక్షరాలు. నాకా, ఆ భాషలో ఒక్క ముక్క రాదు. పిల్లలకు తెలుగు పాఠాలు చెప్పుకొని బతికేవాణ్ణి. ఐనా అక్షరం ఏ భాషదైనా ఆగి చూడటం నాకు అలవాటు. చూడగా చూడగా ఒక వింత కనిపించింది. పై వరుసలో అక్షరాలు బాగా తిని బలిసినట్లు బొద్దుగా, ఒకదానినొకటి ఒరుసుకొంటూ వున్నవి. రెండో వరుసలో కొంత దూరం ఫరవాలేదు. ఆ తరువాత కిందికి దిగినకొద్దీ చిక్కిపోతూ, అడుగుకు వచ్చేసరికి కాగితం మీద తలవెంట్రుకలు రాలిపడినట్లు వున్నవి.

ఈ కాగితాలు తెచ్చి ఇచ్చినవాడు నా పూర్వ విద్యార్థి. టోకియోలో ఉద్యోగం చేస్తున్నాడు. సెలవు మీద వచ్చి, మా యింట్లో కాఫీ తాగుతూ, "మాస్టారూ, భూతద్దం వుందాండీ?" అని అడిగాడు. నిఘంటువు చూడటానికి వాడే అద్దం తీసి ఇచ్చాను. మొదటి కాగితంలో నాలుగో వరుసలో, ఎర్ర పెన్సిలుతో సున్న చుట్టిన చోట దాన్ని పెట్టి చూడమన్నాడు. సన్నని గీతల మధ్య ఒక పేరు. తరువాత రెండో కాగితం పై వరుసలో, నడిమికి ఎడమ పక్కన, బొటనవేలంత లావున రాసిన పేరు చూపించాడు.

"ఈ రెండూ ఒక్క మనిషి పేరేనండీ. ఇది 2019 మార్చి. ఇది 2021 సెప్టెంబరు."

ఆ మనిషి పేరు తెరునొఫుజి. వృత్తి సుమో. ఆ కాగితాన్ని బంజుకె అంటారు. సుమో మల్లులలో ఎవరు ఎవరికంటె ఎక్కువో, ఎవరు ఎవరికంటె తక్కువో తేల్చి చెప్పే జాబితా. ప్రతి టోర్నమెంటుకూ ముందు ఒక రిఫరీ కుంచె పట్టి ఆ పేర్లన్నీ చేత్తో రాస్తాడు. దాన్ని కుదించి అచ్చు వేస్తారు. అక్షరాల మధ్య ఖాళీ లేకుండా రాయటంలో, ఆటశాల కూడా అట్లాగే ఖాళీ లేకుండా నిండాలనే కోరిక వున్నదట. అన్నిటికంటె అడుగు తరగతి వాళ్ళకు జపానులో ఒక ముద్దుపేరు వుంది. ఏమిటనుకున్నారు? "భూతద్దం!"

పావు నిమిషం యుద్ధం

సుమో అనగానే మనకు ముందు నవ్వు వస్తుంది. నేనూ నవ్వినవాణ్ణే. కొండల్లాంటి ఇద్దరు మనుషులు, మొలకు పట్టీ తప్ప వేరే బట్ట లేకుండా, బొజ్జకు బొజ్జ తగిలించి నెట్టుకోవటం ఏమి విద్య అనుకున్నాను. ఆ నవ్వు పోవటానికి నాలుగైదు పట్లు శ్రద్ధగా చూస్తే చాలు.

గోదా మట్టితో కట్టిన ఎత్తైన వేదిక. దాని మీద వడ్లగడ్డి మూటలు పాతి గుండ్రంగా బరి గీస్తారు. బరి అడ్డకొలత 4.55 మీటర్లు. పైన దేవాలయం కప్పు వంటి కప్పు వేలాడుతూ వుంటుంది. పూర్వం దానికి నాలుగు స్తంభాలుండేవి. చూసేవారికి అడ్డమని 1952లో తీసివేశారు. టోర్నమెంటుకు ముందు గోదా నడిబొడ్డున బియ్యం, ఉప్పు మొదలైనవి పూడ్చి దేవతలను ఆహ్వానిస్తారు. 712లో కూర్చిన "కొజికి" గ్రంథంలోనే, రాజ్యం ఎవరిదో తేల్చుకొనేందుకు ఇద్దరు దేవతలు కలియబడిన కథ వున్నది. కాబట్టి ఇది ఆటా అవును, పూజా అవును.

నియమాలు పసిపిల్లవానికి కూడా అర్థమయ్యేవి. అరికాలు తప్ప ఒంట్లో మరేది నేలకు తాకినా ఓటమే. బరి దాటి కాలు పడినా ఓటమే. పిడికిలితో గుద్దరాదు, జుట్టు పట్టి లాగరాదు. బరువులను బట్టి వర్గాలు లేవు. నూరు కిలోల వాడికి నూట ఎనభై కిలోల వాడు ఎదురుపడవచ్చు. గెలుపు పట్లకు మాత్రం 82 పేర్లున్నవి. మన వస్తాదులు గంటల కొద్దీ కుస్తీ పట్టినట్లు ఇక్కడ పట్టరు. చాలా పోటీలు పావు నిమిషమైనా పట్టవు.

ఆ పావు నిమిషానికి ముందు జరిగే తతంగం నాలుగు నిమిషాలు. పెద్ద తరగతి మల్లులు గుప్పెడు ఉప్పు చల్లి గోదాను శుద్ధి చేస్తారు. నీళ్ళు పుక్కిలిస్తారు. చేతులు చాచి ఆయుధం లేదని చూపుతారు. కాలు ఆకాశానికెత్తి నేల అదిరేట్టు మోపుతారు. ఎదురెదురుగా వంగి కళ్ళలో కళ్ళు పెట్టి చూసుకొంటారు; లేచి వెనక్కు వెళ్ళి మళ్ళీ ఉప్పు తెచ్చుకొంటారు. అసలు విశేషం ఇప్పుడు వస్తుంది. పోటీ మొదలుపెట్టమని చెప్పే గంట లేదు, ఈల లేదు. ఇద్దరి చేతులూ నేలను తాకినప్పుడు, ఇద్దరి ఊపిరీ కలిసినప్పుడు, ఇద్దరూ ఒక్కసారిగా లేస్తారు. ఒకడు ముందు లేస్తే రెండోవాడి కోసం ఆగవలసిందే. ఊపిరి ఇట్లా కలవటాన్ని వారు "అ-ఉన్" అంటారు. ఈ మాట విని నా చెవులు నిక్కినవి. బౌద్ధం వెంట చైనా మీదుగా జపాను చేరిన మన సంస్కృత బీజాక్షరాలే అవి. ఆద్యక్షరమైన అకారమూ, హుంకారమూను. శత్రువుతో ఊపిరి కలిపితే తప్ప మొదలుకాని యుద్ధం ఇంకెక్కడైనా వుందేమో నాకు తెలియదు.

ఎనిమిది కావాలి, ఏడు చాలదు

ఏడాదికి ఆరు టోర్నమెంట్లు. 1958 నుంచి ఈ లెక్కే. జనవరి, మే, సెప్టెంబరు టోకియోలో, మార్చి ఒసాకాలో, జులై నగోయాలో, నవంబరు ఫుకువోకాలో. ఒక్కొక్కటి పదిహేను రోజులు. పెద్ద తరగతుల వాడు రోజుకొకటి చొప్పున పదిహేను పట్లు పడతాడు. చిన్న తరగతుల వాడికి ఏడే. పదిహేనులో ఎనిమిది గెలిచావా, బంజుకెలో పైకి. ఏడే గెలిచావా, కిందికి. సరిసమానమనే మాట రాకుండా బేసిసంఖ్య పెట్టారు.

మొత్తం ఆరు వర్గాలు. అన్నిటికీ పైదానిలో 42 మంది. దాని కింద జూర్యో, 28 మంది. ఈ 70 మందే సంపూర్ణమైన మల్లులు. వీరికి జీతముంటుంది, పట్టుమవాషి వుంటుంది - మవాషి అంటే ఆ మొలపట్టీ. జింగో చెట్టు ఆకు ఆకారంలో విప్పిన సిగ, సేవ చేయటానికి కుర్రమల్లులు, ప్రత్యేకమైన గది కూడా వీరికే. జూర్యో కింద మకుషితా. ఆ రెంటికీ మధ్య అచ్చుకాగితం మీద వెంట్రుకవాసి దూరమైతే, బతుకులో అది పెద్ద అగాధం. 2019 నాటి లెక్కలో జూర్యో మల్లుడి నెలజీతం 11 లక్షల యెన్లు. మకుషితా వాడికి నెలజీతం లేనే లేదు. టోర్నమెంటు వచ్చినప్పుడల్లా ఇచ్చే భత్యం మాత్రమే.

శిఖరాన యొకొజునా. 2025 వరకు ఆ పట్టం కట్టించుకున్నవారు 75 మంది. నడుము చుట్టూ తెల్లని మోకు కట్టి, దానికి వంకర టింకరగా కత్తిరించిన కాగితాలు వేలాడదీసుకొని గోదా మీదికి నడిచి వస్తాడు. దేవుళ్ళ గుళ్ళకు కట్టే మోకు వంటిదది. ఆ కింది మెట్టు ఒజెకి. ఒజెకి వరుసగా రెండు టోర్నమెంట్లలో ఎనిమిది గెలుపులు సంపాదించలేకపోతే ఆ హోదా పోతుంది. యొకొజునా హోదా మాత్రం ఎన్నటికీ పోదు. వినటానికి వరంలా వుంది కదా! నిజానికి అది శాపం. దిగటానికి మెట్లు లేవు గనుక, ఆడలేని నాడు అతడు ఆట వదిలి వెళ్ళిపోవాలి. వేరే దారి లేదు. ఈ ఒక్క నియమం గుర్తుంచుకోండి; తరువాత కథ అంతా దాని మీదనే నడుస్తుంది.

గురుకులం, గోదాకులం

మల్లులందరూ "హెయా"లలో వుంటారు. తాలీంఖానా, హాస్టలు, గురుకులం మూడూ ఒకే ఇంట్లో వుంటే ఎట్లా వుంటుందో హెయా అట్లా వుంటుంది. ఇటువంటివి సుమారు నలభై అయిదు. రిటైరైన మల్లుడే వస్తాదు. ఆయన భార్యే అందరికీ తల్లి వంటిది. పదిహేనేళ్ళకు బడి చదువు ముగించి వచ్చిన పిల్లలు ఇక్కడ చేరుతారు. కొత్తవారు టోకియోలోని సుమో పాఠశాలకు ఆరు నెలలు వెళ్ళాలి. అక్కడ కుస్తీతోపాటు సుమో చరిత్ర, దేహశాస్త్రం, కుంచెరాత, సుమో పాటలు కూడా నేర్పుతారు. కుస్తీవాడికి కుంచెరాత ఎందుకని అడిగేవారు మన కాలేజీలలో కూడా లేకపోలేదు!

తెల్లవారక ముందే చిన్నవారు లేస్తారు. పరగడుపున గోదాలోకి దిగాలి. మొట్టమొదటిది కాలెత్తి మోపటం. రోజుకు వందల సార్లు. చూస్తే సులభం. మీరొకసారి ఒంటికాలి మీద నిలబడి రెండోకాలు భుజమెత్తు లేపి, మెల్లగా దించి చూడండి. తరువాత కొయ్యస్తంభాన్ని అరచేతులతో మార్చి మార్చి కొట్టటం. ఆ తరువాత పాదాలు నేల విడవకుండా జరుపుకొంటూ నడవటం. రెండు కాళ్ళూ రెండు దిక్కులకు బారజాపి కూర్చుని రొమ్ము నేలకు ఆనించటం. కొత్తవాడి కండరాలు వంగకపోతే వెనుకనుంచి పెద్దవాడు బరువేసి నొక్కుతాడు. కన్నీళ్ళు పెట్టుకోనివాడు అరుదట.

పొద్దెక్కాక పెద్ద తరగతి వారు తెల్ల మవాషీలు కట్టుకొని వస్తారు. అభ్యాసంలో చిన్నవారిది నల్ల నూలు పట్టీ, పెద్దవారిది తెల్లది. గెలిచినవాడు గోదాలోనే వుండి తరువాతి జతగాణ్ణి పిలుచుకొనే పట్లు అప్పుడు జరుగుతవి. ఓడినవాడు పక్కకు పోవాలి. అంటే ఎవరికి అభ్యాసం ఎక్కువ కావాలో వాడికే తక్కువ దొరుకుతుంది! చివరిది అన్నిటికంటె కష్టం. ఒకడు రొమ్ము అప్పగించి నిలబడతాడు. రెండోవాడు ఢీకొట్టి గోదా ఈ చివరి నుంచి ఆ చివరికి నెట్టాలి. నెట్టలేకపోతే దుమ్ములో దొర్లిస్తారు. లేచి మళ్ళీ ఢీకొట్టాలి. ఊపిరి అందక గుటకలు మింగుతున్నా ఆపరు. రొమ్ము ఇచ్చేవాడు సాధారణంగా పెద్దవాడే. నిన్ను దుమ్ములో దొర్లించినవాడే నీకు విద్య చెప్పినవాడన్నమాట. అందుకే మునుపు రొమ్ము ఇచ్చినవాణ్ణి టోర్నమెంటులో ఓడించటాన్ని అక్కడ గురుదక్షిణగా భావిస్తారు.

తరువాత స్నానం, భోజనం. రెండూ హోదా వరుసనే. కోడిమాంసం, చేప, కూరలు కలిపి పెద్ద కుండలో ఉడికించే "చాంకో" వారి ముఖ్యాహారం. కోడి రెండుకాళ్ళ మీద నిలబడుతుంది గనుక శుభం. నాలుగు కాళ్ళ జంతువు చేతులు నేలకు ఆనించి ఓడినవాడితో సమానం! వండినది చిన్నవాళ్ళు, తినేటప్పుడు మాత్రం పెద్దలు తిని లేచేదాకా వెనుక నిలబడి వడ్డించాలి. తిన్న తరువాత నిద్ర. ఉదయమంతా ఉపవాసం, మధ్యాహ్నం కడుపారా భోజనం, వెంటనే నిద్ర - ఆ దేహాలు అట్లా పెరుగుతవి.

బట్టలు కూడా హోదాను బట్టే. జొనిదన్ వర్గం, అంటే కింది నుంచి రెండోది, ఆ వర్గం వాడు మంచు పడుతున్నా పలుచని నూలు అంగీతో, కొయ్యచెప్పులతో తిరగవలసిందే. పైకోటు వేసుకొనే హక్కు రావాలంటే ఇంకా రెండు వర్గాలు ఎక్కాలి.

మోకుకు రెండో కొస

ఇదంతా విని ముచ్చటపడి ఊరుకుంటే నేను సగమే చెప్పినవాణ్ణి అవుతాను. కఠిన శిక్షణకూ, క్రూరత్వానికీ మధ్య గీత గోదా బరిలాగా గడ్డితో గీసి వుండదు. 2007లో ఒక హెయాలో పదిహేడేళ్ళ కుర్రవాడు, పారిపోవాలని చూసినందుకు, శిక్షణ పేరిట కొట్టిన దెబ్బలకు చనిపోయాడు. అతని వస్తాదుకు జైలుశిక్ష పడింది. తల్లిదండ్రులు బిడ్డను గురువుకు అప్పగించారు. గురువు శవాన్ని అప్పగించాడు. దీనికి ఏ సంప్రదాయమూ సమాధానం చెప్పలేదు.

ఎనిమిదికీ ఏడుకీ మధ్య నున్న అగాధం కూడా మనుషులను చెడగొట్టింది. ఆఖరి రోజున ఏడు గెలిచి ఏడు ఓడినవాడికి, అప్పటికే ఎనిమిది గెలిచినవాడు ఎదురుపడితే, మొదటివాడే నూటికి దాదాపు ఎనభై సార్లు గెలుస్తున్నాడని ఇద్దరు అమెరికా ఆర్థికవేత్తలు 2002లో లెక్కలు కట్టి చూపారు. బలాబలాలను బట్టి చూస్తే సగం సార్లు గెలవాలి. 2011లో గుట్టు బయటపడింది. మరొక జూదం కేసులో పోలీసులు పట్టుకున్న సెల్‌ఫోన్లలో, పట్లు అమ్ముకొన్న సందేశాలు దొరికినవి. చిక్కినవారిలో ఎక్కువమంది జూర్యో వారు, అంటే అగాధం అంచున నిలబడినవారు. ఆ మార్చి టోర్నమెంటునే రద్దు చేశారు.

స్త్రీలు గోదా ఎక్కరాదనే ఆచారం ఇంకొకటి. 2018లో మైజురు పట్టణంలో ఉపన్యసిస్తూ గోదా మీద కుప్పకూలిన మేయరుకు ప్రథమ చికిత్స చేస్తున్న స్త్రీలను దిగిపొమ్మని మైకులో చెప్పారు. సంఘాధ్యక్షుడు తరువాత క్షమాపణ చెప్పుకోవలసి వచ్చింది. ఆచారానికంటె ప్రాణం పెద్దదనే సంగతి ఎవరైనా చెప్పాలా!

జంటలుగా పుట్టే వీరులు

అయినప్పటికీ జనం ఈ ఆటను ఎందుకు ప్రేమిస్తారు? ప్రతి తరంలోనూ వారికి ఇద్దరు కావాలి. ఒకడితో కథ కాదు.

1961లో తైహో, కషివాదో ఒకేసారి యొకొజునాలైనారు. తైహోది సఖాలిను దీవి, తండ్రి ఉక్రెయిను జాతీయుడు. ఒడుపైన మనిషి, మొత్తం 32 టోర్నమెంట్లు గెలిచాడు. కషివాదో ఉప్పెనలా ముందుకు తోసుకుపోయే రకం, గెలిచింది అయిదే. ఇద్దరి మధ్య జరిగిన పట్లు మాత్రం 21-16, అంత తేడా లేదు. దెబ్బలతో వరుసగా నాలుగు టోర్నమెంట్లు మానేసిన కషివాదో 1963 సెప్టెంబరులో తిరిగి వచ్చాడు. ఆఖరిరోజు ఇద్దరూ ఓటమి ఎరగకుండా ఎదురుపడ్డారు. కషివాదో గెలిచి, లోపలికి వెళ్ళి వెక్కి వెక్కి ఏడ్చాడు.

తైహో గురించి ఇంకొక్క మాట. 1969 మార్చిలో అతడు వరుసగా 45 పట్లు గెలిచి వున్నాడు. తోదా అనేవాడితో పట్టు. రిఫరీ తైహో గెలిచాడన్నాడు; న్యాయనిర్ణేతలు తిరగవేశారు. ఛాయాచిత్రాలు చూస్తే తోదా కాలే ముందు బయట పడినట్లు తేలింది. దేశమంతా గగ్గోలు. తైహో మాత్రం తప్పు తనదే అన్నాడు. యొకొజునా అనేవాడు అనుమానానికి తావిచ్చే పట్టు పట్టకూడదన్నాడు. ఆ తరువాతి టోర్నమెంటు నుంచి వీడియో చూసి తేల్చటం మొదలైంది.

ఒకే హెయా వారికి టోర్నమెంటులో పోటీ పెట్టరు. చివరికి ఇద్దరి గెలుపులూ సమానమైతేనే తప్పదు. అట్లా 1995 నవంబరులో అన్నదమ్ములు వకనొహనా, తకనొహనా ఎదురుపడవలసి వచ్చింది. తమ్ముడు యొకొజునా, గెలిచినవాడు అన్న. కేకలు వేయటానికి కూడా జనానికి మనసొప్పని పోటీలలో అదొకటి.

2017 మార్చి, ఒసాకా

ఇప్పుడు నా భూతద్దం దగ్గరికి వస్తాను.

కిసెనొసాతో ఇబరాకి ప్రాంతంవాడు. ఇతర హెయాల వారితో నవ్వుతూ మాట్లాడటం కూడా కూడదనే కఠినమైన వస్తాదు చేతిలో పెరిగాడు. 2010లో, వరుసగా 63 పట్లు గెలిచిన మంగోలియా వీరుడు హకుహోను నిలవరించింది ఇతడే. కాని టోర్నమెంటు గెలవటం దగ్గరకు వచ్చేసరికి ఎప్పుడూ రెండోవాడే, పన్నెండుసార్లు రెండోవాడు. ఎట్టకేలకు 2017 జనవరిలో గెలిచి యొకొజునా అయినాడు. పందొమ్మిదేళ్ళ తరువాత జపానులో పుట్టినవాడికి ఆ పట్టం దక్కింది. దేశమంతా పండుగ చేసుకుంది.

మార్చిలో ఒసాకా. పదమూడో రోజున కిసెనొసాతో కింద పడి ఎడమ భుజం, రొమ్ము కండరాలు గాయపరచుకున్నాడు. మరునాడు ఓడిపోయాడు. ఆఖరిరోజు ఎదురైనవాడు తెరునొఫుజి; మంగోలియా వాడు, 192 సెంటీమీటర్ల ఎత్తరి, ఒజెకి. అతనికి ఒకే ఓటమి, కిసెనొసాతోకు రెండు. అంటే ఒంటిచేతి మనిషి ఒకే సాయంత్రం అతణ్ణి రెండుసార్లు ఓడించాలి. జనం అంతా ఒకవైపు. ముందురోజు తెరునొఫుజి ఎదురు ఢీ తప్పించుకొని పక్కకు జరిగి గెలిచినందుకు ఈసడించారు. మంగోలియా పొమ్మని అరిచిన నోరు కూడా లేకపోలేదు. అతని మోకాలు కూడా దెబ్బతిని వున్న సంగతి ఆనాడు ఎవరూ పట్టించుకోలేదు.

కిసెనొసాతో రెండుసార్లూ గెలిచాడు. పాట పాడుతుండగా ఏడ్చాడు. టెలివిజను ముందు దేశమంతా ఏడ్చింది.

ఆ తరువాత ఎవరికి ఏమైందో చూడండి.

కిసెనొసాతో భుజం బాగుపడలేదు. యొకొజునా గనుక కింది తరగతికి దిగి మెల్లగా కోలుకొనే వీలు లేదు. వరుసగా ఎనిమిది టోర్నమెంట్లు పూర్తిగానో, సగంలోనో మానవలసి వచ్చింది. వస్తే గెలవాలి; గెలవలేకపోతే పోవాలి. చివరికి వరుసగా ఎనిమిది ఓటములు చూసి, 2019 జనవరిలో కన్నీళ్ళతో విరమించాడు.

తెరునొఫుజికి మెట్లున్నవి. ఒక్కొక్కటే దిగాడు. రెండు మోకాళ్ళూ పాడైనవి, మధుమేహం పట్టుకుంది. 2017లోనే ఒజెకి హోదా పోయింది. పై వర్గం పోయింది. జీతం పోయింది. శస్త్రచికిత్స, వరుసగా నాలుగు టోర్నమెంట్లకు పూర్తిగా గైరుహాజరు. ఎన్నోసార్లు వస్తాదు దగ్గరికి వెళ్ళి మానేస్తానన్నాడు. ముందు రోగం నయం చేసుకో, ఆ మాట తరువాత అన్నాడు వస్తాదు. 2019 మార్చిలో, కిసెనొసాతో వెళ్ళిపోయిన రెండు నెలలకు, తెరునొఫుజి జొనిదన్ వర్గంలో 48వ మెట్టు మీద నిలబడ్డాడు. అదే ఒసాకా. అదే ఆటశాల. కాని సాయంత్రం కాదు. ఉదయం, కుర్చీలన్నీ ఖాళీగా వున్నప్పుడు. పట్టుమవాషి కాదు, నల్ల నూలుగుడ్డ. ఎదుట నిలిచినవారిలో తాను పైన వెలుగుతున్నప్పుడు ఇంకా బడిలో చదువుకుంటున్న పిల్లలు. ఒజెకి హోదా చూసినవాడు అంత కిందికి దిగి మళ్ళీ గోదా ఎక్కటం సుమో చరిత్రలో అంతకుముందు లేదు.

పరీక్ష తప్పి, తమ్ముడి ఈడువారితో ఒకే బెంచీ మీద కూర్చున్న విద్యార్థులను నా ఉద్యోగంలో చూశాను. మొదటి వారం తలెత్తరు. చాలామంది రెండో వారానికి రావటం మానేస్తారు. వచ్చేవాణ్ణి చూస్తే నాకు గౌరవం. తెరునొఫుజి వచ్చాడు. ఆ టోర్నమెంటులో ఏడుకు ఏడూ గెలిచాడు. ఒక్కొక్క మెట్టే ఎక్కాడు. 2020 జులైలో పై వర్గం అడుగు మెట్టు దగ్గర కాలు పెట్టి ఆ టోర్నమెంటే గెలిచాడు. 2021 మార్చి తరువాత మళ్ళీ ఒజెకి. జులై తరువాత 73వ యొకొజునా. మొత్తం పది టోర్నమెంట్లు గెలిచి, 2025 జనవరిలో విరమించాడు.

పుంజు కొయ్యదైనప్పుడు

ఇదివరకటి వీరులలో ఫుతబయామా అని ఒకడు. చిన్నప్పటినుంచీ ఒక కంటికి చూపు లేదు. ఆ సంగతి ఎవరికీ చెప్పలేదు. 1936 నుంచి 1939 దాకా వరుసగా 69 పట్లు గెలిచాడు. ఆ రికార్డు ఇంతవరకు చెక్కు చెదరలేదు. 70వది ఓడిన రాత్రి అతడు ఒక పెద్దకు తంతి ఇచ్చాడు. చైనా తత్త్వవేత్త చువాంగ్‌త్సు చెప్పిన కథలో ఒక పందెపు పుంజు వుంటుంది. శిక్షణ పూర్తయిననాడు అది ఏ కూతకూ ఉలకదు. కొయ్యతో చెక్కినట్లు నిలబడుతుంది. తాను ఇంకా ఆ కొయ్యపుంజు కాలేకపోయానని తంతి సారాంశం. ఇన్నాళ్ళూ దీన్ని గెలుపోటములకు అతీతమైన స్థితి అని చదువుకున్నాను. ఇప్పుడు నాకు వేరే అర్థం తోస్తున్నది. ఖాళీ కుర్చీల ఎదుట, నల్లగుడ్డ కట్టుకొని, తనను చూసి గుసగుసలాడుకొనేవారి మధ్య, ఉలకకుండా వంగి నేలకు చేతులు ఆనించటమే కొయ్యపుంజు కావటం. గెలిచేవాడికి అది అక్కర లేదు.

ఆ ఇద్దరు పోటీదారులూ ఇప్పుడు ఏమైనారని మా విద్యార్థిని అడిగాను. ఇద్దరూ వస్తాదులైనారట. కిసెనొసాతో ఇబరాకిలో సొంత హెయా పెట్టాడు. తాను పెరిగిన పద్ధతిని కొంత మార్చి, సాధారణంగా ఒక్క గోదా వుండేచోట రెండు గోదాలు కట్టించాడు, కుర్రవాళ్ళు ఊరికే నిలబడి చూడకుండా. అతని శిష్యుడు ఒనొసాతో 2025 మే టోర్నమెంటు తరువాత 75వ యొకొజునా అయినాడు. తెరునొఫుజి అదే ఏడాది తన గురువు నడిపిన ఇసెగహామా హెయా పగ్గాలు పుచ్చుకున్నాడు. ఇక వారి పోరు శిష్యుల రొమ్ముల మీదుగా సాగవలసినదే.

వెళ్ళేటప్పుడు మా వాడు రెండో కాగితం, అంటే లావుపాటి అక్షరాలది, అద్దం కట్టించి గోడకు పెట్టుకోమన్నాడు. నేను వద్దన్నాను. మొదటిదే కట్టించాను. ఇప్పుడు అది మా యింటి ముందుగదిలో వున్నది. వచ్చినవారు పై వరుస చూసి, "ఏమిటండీ ఈ బొద్దు అక్షరాలు?" అని అడుగుతారు. నేను బల్ల సొరుగులోంచి భూతద్దం తీసి వారి చేతిలో పెడతాను. "పైన కాదు, నాలుగో వరుస చూడండి" అంటాను.